డాలు కనిపించినంత దూరం

లాసర్ చేతులు ఎప్పుడూ తెల్లగానే ఉండేవి. ఆల్చిప్పలు ఏరడం, కాల్చడం, నీళ్ళు చల్లి పొడి చేయడం, ఆ సున్నాన్ని డాళ్ళకు పూయడం. పడమటి సముద్రంలోకి వేలు చాచినట్టున్న ఆ నేల మీద, దువ్నె తల్లి సంతానమని చెప్పుకునే ఆ తెగలో యుద్ధానికి పోయేవాడైనా పెళ్ళికి పోయేవాడైనా ముందు ఆమె గుమ్మం దగ్గర ఆగాల్సిందే.

"నీ సున్నం పడితే దాక్కోడం కుదరదే లాసర్. మంచులో కూడా పట్టించేస్తుంది," అనేవాడు పడవవాడు గార్వాన్.

"దాక్కునేవాడికి డాలెందుకురా? బుట్ట బోర్లించుకో."

ఆమె కడుపు పండలేదు. ఆ నేల ఆచారం ప్రకారం, పెద్దింటి పిల్లలందరిలాగే బైతాన్ చిన్నప్పుడే పరాయి పొయ్యి దగ్గర పెరగడానికి ఆమె ఇంటికి వచ్చాడు. ఆమె పొయ్యి దగ్గరే మీసాలు మొలిచి, గడువు తీరాక పుట్టింటికి వెళ్ళాడు. వెళ్ళాడన్న మాటే గానీ, సముద్రం వెనక్కి తగ్గినప్పుడల్లా ఎర్రనాచు ఏరే వంకతో వచ్చేసేవాడు. ఏరింది ఏరినట్టే తినేసి, ఖాళీ బుట్టతో "అమ్మా, ఆకలి" అనేవాడు.

ఆ శీతాకాలం ఒడ్డుకు తిమింగలం కొట్టుకొచ్చింది. కొవ్వు పంచుకునే దగ్గర పినతండ్రి కొడుకుతో మాటా మాటా పెరిగింది. బైతాన్ తెడ్డెత్తి కొట్టాడు. పడినవాడు మళ్ళీ లేవలేదు.

చంపినవాడూ చచ్చినవాడూ ఒకే నెత్తురు. పగ ఎవరి మీద తీర్చుకోవాలి? తప్పు ఎవరు ఎవరికి కట్టాలి? అలాంటప్పుడు దువ్నె వాళ్ళు తీర్పును సముద్రానికి వదిలేస్తారు. ఒకే తోలుతో కుట్టిన పడవ, ఒక్క తెడ్డు, కాస్త అంబలి. ఒడ్డున ఎత్తి పట్టుకున్న తెల్ల డాలు కనుమరుగయ్యేదాకా ఆ పడవను లాక్కెళ్ళి, అక్కడ తాడు కోసేస్తారు. సొంత ఒడ్డుకే తిరిగొస్తే బానిసగానైనా బతుకుతాడు. రాకపోతే లేదు.

డాలు పట్టుకోవలసింది పెంచిన తల్లి.

తీర్పు విన్నాక బైతాన్ ఏడవలేదు. "కనిపించినంతసేపూ నిన్నే చూస్తూ పోతానమ్మా," అన్నాడంతే.

తెల్ల డాలని పేరే గానీ, ఏ ఇంటి డాలైనా పొగ పట్టి బూడిద రంగులోనే ఉంటుంది. బైతాన్ డాలు మరీ నల్లగా ఉంది. లాసర్ దాన్ని ఇసుకతో తోమింది. ఉన్న సున్నమంతా కలిపింది.

పొరుగింటి రోనాత్ తొంగిచూసింది. "ఇప్పుడెవరడిగారే నిన్ను? ఉన్నదాన్ని ఉన్నట్టే తీసుకుపో."

"మసిగిన్నె పట్టుకుని నిలబడమంటావా? వాడు చూస్తూ పోతానన్నాడు," అంది లాసర్. పూత ఆరింది. దాని మీద మళ్ళీ పూసింది. బిడ్డకు తల దువ్వినంత నెమ్మదిగా.

పొద్దున్నే మంచు దిగింది. ఒడ్డున అందరి ముఖాలూ తేటపడ్డాయి. రోనాత్ చెవిలో గొణిగింది: "మన అదృష్టం. నీటిబండ దాటకముందే డాలు కనపడకుండా పోతుంది. ఆ బండకు ఇవతల వదిలితే చాలు, పోటు వాణ్ణి తెచ్చి నీ గుమ్మంలో పడేస్తుంది."

లాసర్ కొండకొన మీద డాలెత్తింది. ముందు గార్వాన్ పడవ, దాని వెనక తాడుకు కట్టిన బైతాన్ పడవ కదిలాయి. మంచులో అలల రంగు పోయింది, గార్వాన్ వీపు పోయింది, బైతాన్ జుట్టు ఎరుపు పోయింది. అప్పుడు ఆమె తలెత్తి తన చేతుల్లో ఉన్నదాన్ని చూసింది.

అంత మంచులోనూ అది వెలుగుతోంది.

ఆమె మోచేతులు వంగాయి. పక్కనే నిలబడ్డ తీర్పరి ఫెరడాక్ మెల్లగా అన్నాడు: "దించకమ్మా. చేతులారా దించితే నువ్వు వాణ్ణి వదులుకున్నట్టు. అప్పుడు సముద్రం తిరిగిచ్చినా ఒడ్డుకు లాగే హక్కు ఎవరికీ ఉండదు."

"కాస్త పక్కకి తిప్పనీ అయ్యా."

"తిప్పినా అంతే తల్లీ."

భుజాలు పట్టేశాయి. మంచు ఆమె కనురెప్పల మీద నీరైంది. ఇంకా కనిపిస్తోందా, ఇంకా చూస్తున్నాడా? దించాలని చేతులు, దించొద్దని చేతులు, రెండూ ఆమెవే.

మధ్యాహ్నానికి గార్వాన్ ఒంటరిగా తిరిగొచ్చాడు. పడవ దిగకుండా కూర్చుండిపోయాడు.

"బండ దాటాక కోశాను," అన్నాడు. "తెడ్డు వేసిన ప్రతిసారీ వెనక్కి చూశానే. ఇప్పుడైనా పోదా, ఇప్పుడైనా పోదా అని. ప్రమాణం చేసి ఎక్కాను, కనిపిస్తుంటే కనపడలేదని ఎలా చెప్పను? ఎంత దూరం పోయినా గుడ్డులా కనిపిస్తూనే ఉంది."

"వాడేమన్నాడు?"

"నవ్వాడు. 'మా అమ్మ సున్నం,' అన్నాడు."

పోటు వచ్చింది, తగ్గింది. నాచు తెచ్చింది, ఎవరిదో విరిగిన తెడ్డు తెచ్చింది. లాసర్ డాలును కొండకొన మీదే వదిలేసి వచ్చింది. వాన దాన్ని కొద్దికొద్దిగా కడిగింది.

యుద్ధాలకూ పెళ్ళిళ్ళకూ పోయేవాళ్ళు ఆ గుమ్మం దగ్గర ఇంకా ఆగేవారు. ఆమె అంబలి పోసేది, తాగి పొమ్మనేది. సముద్రం వెనక్కి తగ్గినప్పుడల్లా బుట్ట పట్టుకుని నీటిబండ వైపు నడిచేది. ఆల్చిప్పలు కాళ్ళకు తగిలితే పక్కకు జరిగి నడిచేది. వసంతం వచ్చేసరికి ఆమె చేతులు కూడా అందరి చేతుల్లాగే ఎర్రబడ్డాయి, మన్ను పట్టాయి. ఎవరివో అనుకుని, ఒక్కోసారి ఆమే వాటివైపు చూసేది.