గడ్డ పక్కన సున్నా

గడ్డ పక్కన సున్నా పెడితే గడ్డం అవుతుంది. ఈ సంగతి రెండో తరగతి పిల్లలకూ తెలుసు. దాన్ని వైద్యంగా వాడొచ్చని కనిపెట్టింది మాత్రం, నాకు తెలిసి, నేనొక్కణ్ణే.

మొన్నామధ్య ఒక సోమవారం పొద్దున, లింగంపల్లిలో మా ఇంటి అద్దం ముందు గీసుకుంటూ ఉండగా, ఎడమ దవడ కింద రేజరు ఒకచోట ఎక్కి దిగింది. రోజూ పోయే దారిలో రాత్రికి రాత్రి స్పీడ్ బ్రేకరు వేసినట్టు. వేలు పెట్టి చూశాను. చర్మం కింద చిన్న రేగుపండంత ఉంది. గట్టిగా ఉంది. నొప్పి లేదు. నొప్పి ఉంటే ఎంత బాగుండునో అనిపించింది. నొప్పి ఉన్న రోగాల గురించి మా ఇంట్లో అందరూ గట్టిగానే మాట్లాడేవాళ్ళు. నొప్పి లేనివాటి దగ్గరికి వచ్చేసరికి గొంతు తగ్గించేవాళ్ళు.

మాది శ్రీకాకుళం వైపు ఊరు. కొండల్లోంచి దిగివచ్చే ఏటిని మేం గెడ్డ అంటాం. మా నోళ్ళలో గెడ్డకూ గడ్డకూ తేడా వెంట్రుకవాసి. నాకు ఏడేళ్ళప్పుడు మా మేనమామకు చెవి కింద ఏదో లేచింది. దాని పేరు ఎవరూ ఎత్తేవారు కాదు. "అది ఎలా ఉంది?" "అది అలాగే ఉంది." ఒక వానాకాలం ఆయన్ని మంచం మీద మోసి, గెడ్డ దాటించి, పట్నం తీసుకెళ్ళారు. మళ్ళీ ఇవతలి ఒడ్డుకు రాలేదు. "గడ్డ వల్ల పోయేడు" అని అరుగు మీద ఎవరో అంటుంటే విని, మావయ్య ఏట్లో మునిగిపోయాడని నేను నమ్మాను. పదో తరగతి దాకా ఆ నీళ్ళలో కాలు పెట్టలేదు. స్నేహితులు పిరికివాడన్నారు. వాళ్ళన్నది నిజమే, కాకపోతే నా భయం అక్షరదోషం.

అలాంటివాడి దవడ కిందికి ఆ మాట నడిచి వచ్చింది.

ఆ రోజు నుంచి గీసుకోవడం మానేశాను. రేజరు దాని మీదుగా పోతే దానికి కోపం వస్తుందేమోనని ఒక భయం. ఎవరైనా చూస్తే పేరు పెడతారని ఇంకో భయం. పేరు పెడితే అది నిజమైపోతుంది. వస్తువులకు పేర్లు పెట్టడమే నా ఉద్యోగం. రాయదుర్గంలో ఒక సాఫ్ట్‌వేర్ కంపెనీలో, ఏ మీట నొక్కితే ఏమవుతుందో చెప్పే పుస్తకాలు రాస్తాను. ఎవరూ చదవరు. ఏదో ఒకటి పాడయ్యాక అప్పుడు వెతుక్కుంటారు.

నాలుగు రోజులకు మా ఆవిడ గమనించింది.

"ఏటండీ ఆ గెడ్డం? దొంగలా ఉన్నారు."

"మొక్కు," అన్నాను. "అప్పన్నకి."

"ఎందుకు మొక్కేరు?"

"చెప్పకూడదు. చెప్తే ఫలించదు."

ఆవిడ వెంటనే నమ్మింది. రెండు చేతులూ కళ్ళకద్దుకుంది. అప్పుడు నాకు మూడో భయం పట్టుకుంది. సింహాచలం కొండ మీదున్న దేవుడి పేరు చెప్పి అబద్ధమాడాను. దొంగ మొక్కుకు ఎలాంటి ఫలం వస్తుందో ఏ పుస్తకంలోనూ రాయలేదు, రాసి ఉన్నా నా పుస్తకాల్లాగే ఎవరూ చదివి ఉండరు.

సున్నా చుడితే గడ్డ మాయమవుతుందనుకున్నాను. కాని ఆ మాటే ఊరంతా తిరగడం మొదలుపెట్టింది. మా వీధి మొదట్లో బండి పెట్టుకునే కూరగాయలామె పాలమూరు మనిషి. ఆమెకూ నాకూ ఉల్లి దగ్గర ఏళ్ళ తరబడి తగువు. నేను ఉల్లిపాయ అంటాను. "పాయ అంటె మేకకాళ్ళ పులుసు సారూ, పొద్దుగాల హోటల్ల దొరుకుతది. నా బండి మీద గడ్డలే ఉన్నయ్" అంటుంది ఆమె. ఎప్పుడూ నవ్వేవాణ్ణి. ఆ వారం ఆమె నన్ను చూసి చెయ్యెత్తి, "ఏం గడ్డ సారూ? ఉల్లిగడ్డనా, ఆలుగడ్డనా, ఎల్లిగడ్డనా?" అని అరిచేసరికి, దవడ చేత్తో మూసుకుని రోడ్డు అవతలికి వెళ్ళిపోయాను. వెనకనుంచి "ఏమైందే గీ సారుకు? పన్ను నొస్తున్నదా?" అనడం వినిపించింది.

రైల్లో కూచుని ఫోనులో వెతుకుదామనుకున్నాను. "గడ్డ" అని కొట్టి, తక్కిన మాటలు రాయడానికి వేలు ఆడక అక్కడే ఆగిపోయాను. ఆలుగడ్డ వేపుడు కరకరలాడాలంటే ఏం చెయ్యాలో వచ్చింది. హైటెక్ సిటీ స్టేషను దాకా అదే చదివాను. ముక్కలను పది నిమిషాలు చన్నీళ్ళలో ఉంచాలట.

పదో రోజున బయటపడింది. మా క్యాంటీన్ పన్నెండో అంతస్తులో ఉంటుంది. కిటికీలోంచి ఖాజాగూడ గుట్టలు కనిపిస్తాయి. నా ఎదుట కూచుని తినే మిత్రుడు హుబ్బళ్ళి నుంచి వచ్చినవాడు, నాకంటే పదేళ్ళు చిన్న, ప్రోగ్రాముల్లో తప్పులు పట్టడం అతని పని. తెలుగు బాగానే మాట్లాడతాడు, మధ్యలో వాళ్ళ మాటలు దొర్లుతాయి. ఆ మధ్యాహ్నం పళ్ళెం బల్ల మీద పెడుతూనే నా మొహంలోకి చూసి,

"ఏన్ సార్ ఇదు, గడ్డ!" అన్నాడు.

నా చేతిలో చెంచా సాంబారులో పడింది.

"ఏ... ఏ గడ్డ?"

"నా దగ్గర దాస్తారా సార్? వారం నుంచి చూస్తా ఉన్నాను. దినదినానికీ పెరుగుతా ఉంది."

"అంత కనిపిస్తోందా?"

"కనిపించదా మరి? లిఫ్టు కాడినుంచే కనిపించింది. సగం మొహం అదే ఉంది కదా సార్."

సగం మొహం. పదిరోజుల్లో.

"మేడమ్ ఏమీ అనలేదా?"

"ఆవిడకి తెలీదు," అన్నాను.

అతను పెద్దగా నవ్వాడు. "పక్కనే ఉండి తెలీదా! మా ఇంట్లో అయితే మొదటి దినమే పట్టుకుని, తీసెయ్ అంటుంది."

"తీసెయ్యాలంటావా?"

"ఛే ఛే! ఉంచండి సార్. గడ్డ చెన్నాగిదె, బాగుంది. మీ వయసుకి తగ్గట్టు ఉంది."

వయసుకు తగ్గట్టు అనేసరికి నేను ఇంక ఆగలేకపోయాను. "బయాప్సీ చేస్తేనేగాని క్యాన్సరో కాదో తెలీదు కదా," అన్నాను. ఆ మాట నా నోట్లోంచి రావడం అదే మొదటిసారి. గొంతు నాది కాదన్నట్టు వినిపించింది.

అతను తినడం ఆపాడు. "గడ్డక్కె బయాప్సీ?" అంటూ తన చుబుకం మీది నాలుగు వెంట్రుకలు పట్టుకున్నాడు. నా వేలు దవడ కింద ఉంది. ఒకరి వేళ్ళు ఎక్కడున్నాయో ఒకరం చూసుకున్నాం.

"సార్," అన్నాడు మెల్లగా, "కన్నడలో గడ్డ అంటే ఇది. మీరు పెంచుకున్నది."

"తెలుగులో ఇది," అన్నాను. "దానంతటదే పెరిగింది."

చుట్టూ ఎవరో ఎవరితోనో క్రికెట్ గురించి వాదిస్తున్నారు. అతను లేచి చేతులు కడుక్కుని వచ్చాడు. "నడవండి సార్," అన్నాడు. మూడింటికి మీటింగ్ ఉందన్నాను. మీటింగులో నేను మాట్లాడితే ఎవరైనా వింటారా అని అడిగాడు. సరైన ప్రశ్నే.

ఆటోలో ఆసుపత్రికి పోతుంటే నాకు వాన రోజున మంచం మీద పడుకుని గెడ్డ దాటిన మావయ్య గుర్తొచ్చాడు. అప్పుడే ముందున్న డ్రైవరు తల తిప్పి, "ఆగే బడా గడ్డా హై సాబ్, పకడ్‌కే బైఠో" అన్నాడు. హిందీలో గడ్డా అంటే గుంత. ముందు పెద్ద గడ్డ ఉందని ఊరు ఊరంతా తెలిసిపోయినట్టే ఉంది. నేను మిత్రుడి మోచెయ్యి పట్టుకున్నాను. గుంత దాటాక కూడా వదలలేదు. అతను విడిపించుకోలేదు.

డాక్టరమ్మ నా నోటి లోపల ఒక వేలు, బయట రెండు వేళ్ళు పెట్టి దాన్ని కదిపి చూసింది. "ఎప్పటినుంచండీ?" అని అడిగింది. గడ్డం ఎంత ఉందో అన్ని రోజులనుంచీ అన్నాను. ఆవిడకు నవ్వు రాలేదు. స్కాన్ తీయించింది. సన్నని సూదితో కాస్త తీసి పరీక్షకు పంపింది. మూడు రోజులు పడుతుందంది.

"ఇంట్లో మీరు చెప్తారా, నన్ను చెప్పమంటారా?" అని గేటు దగ్గర మిత్రుడు అడిగాడు. అతను చెప్తే ఏ భాషలో ఏమవుతుందోనని నేనే చెప్తానన్నాను.

మా ఆవిడ వింటున్నంతసేపూ చపాతీలపీట మీదే చూసింది. తర్వాత దగ్గరికొచ్చి, గడ్డంలోకి వేళ్ళు పోనిచ్చి, దాన్ని పట్టుకుంది. పిండి అంటింది.

"పది రోజులు దీన్ని దాచేరా? మొక్కనుకుని నేను చీమకి కూడా తెలీకుండా దాని పక్కన ఇరవై ఒక్క కొబ్బరికాయలు మొక్కేను. మీ మొక్కేటో తెలీదు గాని, అది నెరవేరాలని!"

నేను ఏదో అనబోయాను.

"మాటాడకండి. గెడ్డ దాటేవోడు లోతెంతని పక్కోణ్ణి అడుగుతాడు. మీరు కళ్ళు మూసుకుని దిగేసేరు."

ఆ మూడు రోజులూ ఫోను మోగితే ఇద్దరం దానివైపే చూసేవాళ్ళం. అన్నం ముందు కూచుంటే పెరుగులో ఉల్లిపాయ ముక్క కనిపించేది, మాటలు మళ్ళీ తిరగడం మొదలయ్యేవి. ఇక్కడివాళ్ళకు గడ్డ అంటే ఉల్లి, మాకు ఏరు. మాకు పాయ అంటే ఉల్లి, నదికి చీలిక కూడా పాయే. రెండు మాటలూ వేరువేరు దారుల్లో పోయి అటు ఉల్లినీ ఇటు నీళ్ళనూ ముట్టుకున్నాయి. మామూలు రోజుల్లో అయితే ఈ సంగతి పట్టుకుని నలుగురికి చెప్పి విసిగించేవాణ్ణి. అప్పుడు మాత్రం ఇదేదో నన్ను చుట్టుముడుతున్నట్టే అనిపించింది. ఏ ఒడ్డున లేచినా అదే నీరు.

నాలుగో రోజు డాక్టరమ్మ కాగితం చూసి, "క్యాన్సర్ కాదు" అంది. మా ఆవిడ కుర్చీలో వెనక్కి వాలింది. "ఇది లాలాజలం ఊరే గ్రంథిలో గడ్డ. అయితే ఉంచకూడదు. ఏళ్ళు గడిస్తే చెడ్డదిగా మారే గుణం ఉంది. తీసేద్దాం." ఒక కాగితం నా ముందుకు జరిపి, "ఒక్క విషయం. దాని మీదుగానే కింది పెదవిని కదిపే నరం పోతుంది. చాలామందికి ఏమీ కాదు. కొందరికి కొన్నాళ్ళు పెదవి ఓ పక్కకు వాలుతుంది. అరుదుగా అలాగే ఉండిపోతుంది. ఇది చదివి సంతకం పెట్టండి," అంది.

ఇన్నేళ్ళలో మొదటిసారి, ఎవరూ చదవని కాగితాన్ని అక్షరమక్షరం చదివాను.

"మాట పోతుందాండీ?" అని అడిగాను.

"పోదు. పెదవులు కలిపి పలికేవి కాస్త తడబడొచ్చు."

పెదవులు కలిపి పలికేవి. ప, ఫ, బ, భ, మ. చిన్నప్పుడు మాస్టారు వీటిని చెప్పిస్తుంటే పక్కవాడి మీద తుంపర్లు పడేవి. ఇంటికొచ్చి అద్దం ముందు నిలబడి ఏమేం పోతాయో లెక్కవేశాను. అమ్మ పోతుంది. మామిడిపండు పోతుంది. అప్పన్న పోతాడు, ఆయనకు నామీద కోపం ఉండడం న్యాయమే. ఎవరేమడిగినా నేను చెప్పే "పరవాలేదు" పోతుంది. మా ఆవిణ్ణి మాత్రం "ఇదిగో" అని పిలుస్తాను. దానికి పెదవులతో పనిలేదు. పెళ్ళైన కొత్తలోనే ఎంత ముందుచూపు! ఇంకొక మాట కూడా క్షేమంగా ఉంటుంది. గడ్డ. గ గొంతులోంచి, డ నాలుకతో. పెదవులు రెండూ ఊడిపోయినా దాన్ని స్పష్టంగా అనగలను.

ఇదంతా అయి వారమైంది. ఆపరేషన్ రేపు పొద్దున. గడ్డం తీసేసి రమ్మన్నారు కాబట్టి ఇవాళ మధ్యాహ్నం తీయించాను. మా ఆవిడ వెంట్రుకలను పసుపుగుడ్డలో మూట కట్టింది. "అబద్ధంగా ఉంచకూడదు. ఇప్పుడు నిజంగా మొక్కుకోండి," అంది. నిలబడి మొక్కుకున్నాను. ఏమని మొక్కుకున్నానో ఈసారి నిజంగానే చెప్పకూడదు.

సాయంత్రం నాలుగవుతుండగా సంచీ పట్టుకుని వీధి మొదటికి వెళ్ళాను. ఇంట్లో రెండు కిలోల ఉల్లిపాయలున్నాయి. అయినా వెళ్ళాను.

"అబ్బ, వచ్చినవా సారూ! ఇన్నొద్దులు మొకం చాటేసినవ్," అంటూ కూరగాయలామె నా దవడను పరిశీలనగా చూసింది. "గదువ కింద గదేంది?"

"గడ్డ," అన్నాను. స్పష్టంగానే వచ్చింది.

ఆమె తక్కెడ కిందపెట్టింది. "దవాఖానకు పోయినవా?"

"రేపు తీసేస్తారు. ప్రాణానికి భయం లేదన్నారు. పెదవి మాత్రం వాలిపోవచ్చు, మాట తేడా రావచ్చు అన్నారు."

"ఫికర్ జెయ్యకు. ఏమియ్యాలె, ఉల్లిగడ్డనా?"

"ఉల్లిపాయలు," అన్నాను. పెదవులు రెండూ గట్టిగా కలిపి అన్నాను. "కిలో ఉల్లిపాయలు."

"గిప్పుడు గూడ పాయనేనా?"

"ఇవాళ్టికి అననీ. రేపట్నుంచి నువ్వు చెప్పినట్టే అనాల్సొస్తుందేమో."

ఆమె ఒక్కొక్కటే ఏరి తూచింది. ముల్లు సరిపోయాక ఇంకొకటి తీసి సంచీలో వేసింది.

"కొసరు," అంది. "నోరు మంచిగ వెట్టుకొని రా. నువ్వు పాయ అనాలె, నేను నీతోని లొల్లి వెట్టుకోవాలె."