ఆరింటికి రమ్మంటే

మా మేడ మీది వాటాలో మూడు నెలలపాటు డెన్మార్క్ నుంచి వచ్చిన ఒకావిడ అద్దెకుంది. కోడూరు దగ్గర రొయ్యల చెరువుల్లో, నీళ్ళలో ప్రాణవాయువు ఎంతుందో చూసే యంత్రాలు బిగించడం ఆవిడ పని. పొద్దున్నే కారెక్కి దివిసీమ వెళ్ళేది, సాయంత్రం పెందలాడే బందరు వచ్చేసేది. నలభై దాటిన మనిషి. మా బావమరిది భార్య గుడివాడ నుంచి వచ్చినప్పుడల్లా నన్ను అన్నయ్యగారూ అనీ మా ఆవిడని వదినగారూ అనీ పిలవడం విని, అవే మా పేర్లనుకుందో ఏమో, తనూ అలాగే పిలవడం మొదలుపెట్టింది. పేర్లు కావని నేను చెప్పలేదు. రిటైరైన వయసులో ఉచితంగా ఒక చెల్లెలు దొరుకుతుంటే కాదనడమెందుకు?

ఆ చెల్లెలు ఏం తింటోందన్నదే ఆ మూడు నెలలూ మా ఇంట్లో ముఖ్య వార్త. నేను బీమా ఆఫీసులో పనిచేసినవాణ్ణి. ఒకళ్ళ ఆరోగ్యం గురించి ఆరా తీయడం నాకు ఉద్యోగధర్మం, ఉద్యోగం పోయినా ధర్మం మిగిలింది. పొద్దున పాలల్లో నానేసిన ఓట్సు. మధ్యాహ్నానికి ఇంటినుంచే తీసుకెళ్ళే డబ్బాలో నల్లటి రొట్టె ముక్కలు, వాటిమీద దట్టంగా వెన్న, వెన్న మీద ఉడికించిన గుడ్డో, కీరా ముక్కో. అన్నీ చల్లగానే. ఇక రాత్రి భోజనం సాయంత్రం ఆరింటికి. ఆరింటికి మా ఇంట్లో రాత్రికి ఏం వండాలన్న చర్చ మొదలవుతుంది. ఆ చర్చ తేలేలోపు ఆవిడ పళ్ళెం కడిగి బోర్లించేసేది.

"పాపం, వేడన్నం మొహం చూసి ఎన్నాళ్ళయిందో" అని మా ఆవిడ నిట్టూర్చి, పప్పో పులుసో గిన్నెలో పోసి పైకి పంపేది.

ఆ నల్ల రొట్టె రై అనే ధాన్యంతో చేస్తారట. తెచ్చుకున్న పిండి మొదటి నెలలోనే అయిపోయింది. బందరంతా వెతికినా దొరకలేదు. అప్పుడావిడ మన రాగిపిండీ గోధుమపిండీ కలిపి, పులిసిన పిండిముద్ద ఒకటి సీసాలో పెట్టుకుని, దానికి రోజూ కాస్త పిండీ కాస్త నీళ్ళూ పోసి పసిబిడ్డలా పెంచి, చిన్న కరెంటు పొయ్యిలో రొట్టె కాల్చేది. మొదటి రొట్టె చూసి, గాలికి తలుపు కొట్టుకోకుండా అడ్డం పెట్టుకోవడానికి బాగుంటుందన్నాను. మా ఆవిడ కసిరింది. రెండోది మధ్యలో పచ్చిగా ఉండిపోయింది, ఆ తర్వాతది మాడింది. అలా పాడవుతూ పాడవుతూ చివరికి ఒకరోజు రొట్టె రొట్టెలాగే వచ్చింది. ఆ రోజు ఆవిడ దాన్ని ఫొటో తీసి వాళ్ళాయనకి పంపింది.

సాయంత్రాలు మెట్ల మీద కూర్చుని వాళ్ళ ఊరి సంగతులు చెప్పేది. వాళ్ళ నాన్న పందులు పెంచేవాడట. పొలంలో పండిన బార్లీ పందులకి, ఆవుల పాలు రైతులంతా కలిసి పెట్టుకున్న డెయిరీకి. మాంసంలో మంచి భాగాలన్నీ ఓడలెక్కి పరాయి దేశాలకి పోయేవి. ఇంట్లోవాళ్ళకి కార్జం మిగిలేది. దాన్ని మెత్తగా నూరి రొట్టె మీద రాసుకునేవాళ్ళు. పెద్ద రొయ్యలు ఎగుమతికి పంపి చిన్నవి ఇగురు పెట్టుకునే మా కోడూరు రైతులు గుర్తొచ్చారు నాకు. చలికాలంలో నేల ఏమీ ఇవ్వదు కాబట్టి బీట్‌రూట్ వెనిగర్లోకి, చేపలు ఉప్పులోకి, బంగాళదుంపలు నేల కింద గదిలోకి వెళ్ళేవట. అవే వసంతం దాకా రావాలి. అందుకని వాళ్ళమ్మ దుంపలు మనిషికిన్ని అని లెక్కపెట్టి ఉడకబెట్టేది. ఇప్పుడు దుకాణాల నిండా అన్నీ దొరుకుతున్నా ఆ లెక్క పోలేదంది. భోజనానికి పిలిస్తే వారాల ముందే పిలవడం, పిలిచిన వేళకి రావడం, పళ్ళెంలో పెట్టుకున్నది వదలకపోవడం.

"అయితే మీ దేశంలో ఆకలి కూడా అపాయింట్‌మెంట్ తీసుకుని రావాలన్నమాట" అన్నాను.

ఆవిడ గట్టిగా నవ్వింది. నా ఛలోక్తి ఇంగ్లీషులో కూడా పేలిందని ఆ రోజంతా ఉబ్బిపోయాను.

వెళ్ళిపోయే రోజులు దగ్గరపడ్డాక, ఒక శనివారం సాయంత్రం ఆరింటికి మా ఇద్దర్నీ భోజనానికి పిలిచింది. పది రోజుల ముందే పిలిచింది. ఇన్నాళ్ళూ వదినగారు పంపిన గిన్నెలకి బదులుగా ఒక్క పూటైనా తన చేత్తో పెట్టుకోవాలని ఉందనీ, బందరు చేపతో వాళ్ళమ్మ చేసే వంట చేస్తాననీ అంది. చెబుతున్నప్పుడు బుగ్గలు ఎర్రబడ్డాయి. అది సంతోషమో, చెరువు గట్ల మీది ఎండో నాకు తెలియలేదు.

ముందురోజు పొద్దున నేనే స్కూటర్ మీద గిలకలదిండి హార్బరుకి తీసుకెళ్ళాను. కానాగంత చేపల దాయాదులు వాళ్ళ సముద్రంలోనూ ఉన్నాయట, అవే కావాలంది. పోగులు పోసి అమ్మేచోట నిలబడి మూడు వేళ్ళు చూపించింది. చేపలమ్మే ఆవిడ నా వంక తిరిగి, "మూడేంటి బాబుగారూ, పిల్లికా?" అంది.

ఏమంటోందని మా అతిథి అడిగింది. చేపలు తాజాగా ఉన్నాయంటోందని చెప్పాను.

చివరికి, మూడు ఇవ్వకూడదంటూ చేపలావిడ నాలుగోది కొసరు వేసింది. మా అతిథి దాన్ని తిరిగిచ్చేయబోతే నేనే ఆపి సంచిలో వేయించాను. మనిషికొకటి చొప్పున మూడు. ఆ లెక్క నా కళ్ళ ముందే జరిగింది. తర్వాత నేను చేసినదానికి తెలియక చేశాననే సాకు కూడా లేదు.

శనివారం మధ్యాహ్నం బావమరిదీ భార్యా గుడివాడ నుంచి దిగారు. పనేం లేదు, ఊరికే చూసిపోదామని. మా ఆవిడ నన్ను వంటింట్లోకి పిలిచింది.

"వీళ్ళని కింద కూర్చోబెట్టి మనం పైకెళ్ళి భోంచేసొస్తామా? ఏం బాగుంటుంది?"

"నలుగురం వెళ్దాం."

"అయితే ఆవిడకో మాట చెప్పి రండి ముందు."

ఇక్కడ నా బుర్ర పనిచేసింది. ముందుగా చెబితే, ఇంకో ఇద్దరికి వండమన్నట్టు ఉంటుంది. చెప్పకుండా వెళ్తే, వాళ్ళు చూసిపోదామని వచ్చినట్టు ఉంటుంది. రెండోదే మర్యాద. ఈ తర్కం నేను కనిపెట్టింది కాదు. పిలిచినంతమందే వచ్చిన భోజనాన్ని మా వైపు నేనెరగను. పిలిచినంతమందికే వండినవాళ్ళనీ ఎరగను. ఎవరూ లెక్క పాటించరు కాబట్టి అందరి లెక్కా సరిపోతుంది. ఆ పూట పైన లెక్క పాటించే మనిషి ఉందని నాకు తెలుసు. తెలిసే మెట్లెక్కలేదు.

బావమరిదికి ఇంకో భయం. "అక్కా, అక్కడ చేప ఉడికీ ఉడక్కుండా పెడతారేమోనే" అన్నాడు. దాంతో మా ఆవిడ పెనం పెట్టింది. అల్లప్పచ్చడితో పెసరట్లు. నేను మూడు తిన్నాను, పిలుపు మీద గౌరవంతో నాలుగోది వదిలేశాను. తర్వాత కాఫీలు, ఆడవాళ్ళు చీరలు మార్చుకోవడాలు. మేం మెట్లెక్కేసరికి ఏడు దాటింది. ఆరింటికి రమ్మంటే అన్నీ ఆరిపోయాక వెళ్ళాం.

తలుపు తీసిన ఆవిడ కళ్ళు మమ్మల్ని లెక్కపెట్టడం చూశాను. చివరి మనిషి దగ్గర ఒక్క క్షణం ఆగాయి. తర్వాత నవ్వి లోపలికి రమ్మంది.

రాసుకునే బల్ల మీద పెడన కలంకారీ దుప్పటి పరిచి ఉంది. దాని మీద మూడు పళ్ళేలు, మూడు గ్లాసులు, మడత పెట్టిన మూడు రుమాళ్ళు. మధ్యలో రెండు కొవ్వొత్తులు, ఎప్పుడు వెలిగించిందో, సగానికి కరిగిపోయాయి. మా బావమరిది వాటిని చూసి, కరెంటు పోయిందనుకుని జాలిపడి, అలవాటుగా ఫ్యాను స్విచ్చి నొక్కాడు. ఫ్యాను తిరిగింది. కొవ్వొత్తులు ఆరిపోయాయి.

ఆవిడ లోపల్నుంచి ఒక స్టీలు పళ్ళెం తెచ్చింది. తన కుర్చీ బావమరిది భార్యకిచ్చి, పుస్తకాలున్న స్టూలు ఖాళీ చేసి బావమరిదికి వేసి, తను మంచం చివర కూర్చుంది. పిండి అద్ది వేయించి, వెనిగర్లో పంచదారా ఉల్లిచక్రాలూ వేసి రాత్రంతా నానబెట్టిన చేపలు. వెన్నలో పొర్లించిన చిన్న బంగాళదుంపలు, పైన కొత్తిమీర. ఆ రాగి రొట్టె. నాలుగు చేపలూ మా నాలుగు పళ్ళేల్లోకి వచ్చాయి.

మీకో అని మా ఆవిడ అడిగితే, వండుతూ రుచి చూసీ చూసీ కడుపు నిండిపోయిందని చెప్పింది. మా ఆవిడ తల వంచుకుంది. ఆ అబద్ధం మా అత్తగారు చెప్పగా తను విన్నది, మా అమ్మ చెప్పగా నేను విన్నది. ఇంగ్లీషులో వినడమే మొదటిసారి.

చేప చల్లగా, పుల్లగా, వెనకనించి తియ్యగా ఉంది. ఎలా ఉందో నిజంగా చెప్పాలంటే నోటికీ పొట్టకీ మధ్య కాస్త ఖాళీ ఉండాలి. అక్కడ పెసరట్లున్నాయి. సగం చేప దగ్గర నా చెయ్యి ఆగిపోయింది. మా బావమరిది ఒక ముక్క తుంచుకుని బ్రహ్మాండం అని, మిగిలినదాని మీద రొట్టె కప్పాడు. అతని భార్య ఆ మాత్రం కూడా కప్పలేదు. మా ఆవిడ ఒక్కతే తల ఎత్తకుండా, మందు మింగినట్టు మింగుతోంది. మంచం చివర కూర్చున్నావిడ మా పళ్ళేలనే చూస్తోంది.

కాసేపటికి, మీరు ఇంట్లో తిని వచ్చారా అని అడిగింది. మా వైపు ఆ ప్రశ్న ఎవరూ అడగరు. అడగరన్న ధైర్యంతోనే తిని వస్తాం.

లేదు లేదన్నాను నేను. అదే క్షణంలో మా ఆవిడ "లైట్‌గా" అంది.

ఫ్యాను తిరుగుతోంది.

"అన్నయ్యగారూ, నిజం చెప్పండి" అంది ఆవిడ. కోపం లేదు. ఒక విషయం తెలుసుకోవాలనుకునే గొంతు. "ఇలా తిని రావడం ఇక్కడి పద్ధతా, నా వంటంటే భయమా? ఇంటికెళ్ళగానే మా ఆయన మొదట అడిగేది ఈ భోజనం గురించే. ఆ రొట్టె ఎన్నిసార్లు పాడైందో ఆయనకి తెలుసు. ఏమని చెప్పను?"

ఎన్నో పాలసీలు అమ్మిన నోరు నాది. పద్ధతి అని ఒక్క మాట అంటే గండం గట్టెక్కేది, దేశం మీదికి తోసేసి నేను తప్పుకునేవాణ్ణి. ఆవిడ ఆ మాటే కోరుకుంటోందని కూడా అనిపించింది. కానీ ఆవిడ నా మొహంలోకే చూస్తోంది.

"రెండూ" అన్నాను.

ఆవిడ తల ఊపింది. అర్థమైందన్నట్టు రెండుసార్లు ఊపి, లేచి వచ్చి, "మీరిక తినరు కదా?" అని అడిగి, నా పళ్ళెం తీసుకుని వెళ్ళి మంచం చివర కూర్చుని, నేను వదిలేసిన సగం చేప తినడం మొదలుపెట్టింది.

నా ఎంగిలి. బావమరిది భార్య నోటికి చెంగు అడ్డం పెట్టుకుంది. బావమరిది గోడ మీద క్యాలెండరు చూస్తున్నాడు. మా ఇంట్లో నేను నోరు పెట్టిన గ్లాసు వేరే కడుగుతారు. ఆవిడ మాత్రం రొట్టె ముక్కతో పళ్ళెంలోని పులుపంతా తుడుచుకుని మరీ తింటోంది. మమ్మల్ని ఏమైనా అనడానికి చేసిన పని కాదది. ఆకలేసింది, అంతే. ఆరింటికి తినే మనిషి ఎనిమిది కావస్తున్నా తినలేదు.

మా ఆవిడ లేచి కిందికెళ్ళింది. వేడన్నం, దోసకాయ పప్పు, నెయ్యి గిన్నె పట్టుకుని రొప్పుతూ వచ్చింది. ఆవిడ పక్కనే మంచం మీద కూర్చుని, ఆ ఎంగిలి పళ్ళెంలోనే అన్నం పెట్టి పప్పు వేసింది. నెయ్యి వేస్తుంటే ఆవిడ తెలుగులో "చాలు వదినగారూ" అంది. మామూలుగా మా ఆవిడ చెవికి మూడో చాలు గాని వినపడదు. ఆ రాత్రి మొదటిదానికే గరిట ఆగింది.

మేం ముగ్గురం చేతులు కడుక్కోవడానికి కూడా మొహమాటపడుతూ దిగి వచ్చేశాం. మెట్ల మీద బావమరిది, ఆకలి మీద తింటే ఆ చేప బాగానే ఉండేదేమో బావగారూ అన్నాడు. మా ఆవిడ చాలాసేపటికి గాని కిందికి రాలేదు. ఏం మాట్లాడుకున్నారని అడిగితే, మీకెందుకంది.

రెండ్రోజుల తర్వాత ఆవిడ వెళ్ళిపోయింది. కారు దగ్గర మళ్ళీ రండి అనబోయి, ఏ దేశపు మర్యాద ప్రకారం రమ్మంటున్నానో నాకే తెలియక ఊరుకున్నాను. ఇప్పటికీ ఆదివారాల్లో మా ఆవిడకి ఫోను చేస్తూనే ఉంటుంది. వాళ్ళాయనకి ఏం చెప్పిందో మా ఆవిడకి తెలిసే ఉంటుంది, నాకు చెప్పదు, అడిగే మొహం నాకు లేదు. అన్నయ్యగారు ఎలా ఉన్నారని అడుగుతోంది, మాట్లాడండి అని మా ఆవిడ ఫోను నా వైపు చాపుతుంది. స్నానం చేస్తున్నానని చెప్పమని సైగ చేస్తాను. ఆ లెక్కన ఈ మధ్య నేను చాలా శుభ్రంగా ఉంటున్నాను.