పొద్దుగాల ఏం తిన్నవ్?

ఈ దేశంలో మొట్టమొదటి టెలివిజన్ పొద్దుటి కార్యక్రమం ఎక్కడ పుట్టిందని ఎవరైనా అడిగితే తడుముకోకుండా చెప్పండి: తార్నాక చౌరస్తాలో, సామేలు చాయ్ హోటల్ వసారాలో, అరవై ఎనిమిదో సంవత్సరంలో. కెమెరా లేదు, కరెంటు లేదు, ఆ మాటకొస్తే టెలివిజనే లేదు. అయినా రోజూ పొద్దున ఏడింటికి ప్రసారం ఠంచనుగా మొదలయ్యేది. దాన్ని నడిపిన కొమురెల్లి నా రూమ్మేటు. ఇంకా సరిగ్గా చెప్పాలంటే నేనే అతని రూమ్మేటును, ఎందుకంటే హాస్టల్లో ఆ గది ఇచ్చింది అతనికే.

ఆ కొమురెల్లికి ఒకే ఒక్క పిచ్చి. ఎదురుపడ్డ మనిషి ఎవరైనా సరే, దండం కూడా పెట్టకముందే, "పొద్దుగాల ఏం తిన్నవ్?" అని అడగాలి. పెద్దవాళ్లయితే "తిన్నరు" అనేవాడు. అంతవరకే మర్యాద. బస్సు కండక్టరును అడిగాడు. పెళ్లిపీటల మీద పెళ్లికొడుకును అడిగాడు. ఒకసారి హాస్టల్లో సైకిల్ దొంగ దొరికితే, మేమంతా చొక్కా చేతులు మడుస్తుంటే, గుంపులోంచి తల దూర్చి వాడినీ అదే అడిగాడు. దొంగ ఆలోచనలో పడ్డాడు. మేం కూడా జవాబు కోసం ఆగాం. ఆ సందున వాడు గోడ దూకేశాడు. సైకిల్ మాత్రం దక్కింది.

నా గురించి కూడా రెండు ముక్కలు చెప్పకపోతే చరిత్రకు అన్యాయం. నేను బి.ఏ. రెండో ఏడు మధ్యలో యూనివర్సిటీని వదిలేశాను. నా వేగం అది అందుకోలేకపోయింది. వదిలేసిన రోజు ఆర్ట్స్ కాలేజీ గులాబి రాళ్లు కాస్త పాలిపోయాయని చూసినవాళ్లు చెబుతారు. ఊరికి పోతే మా నాయన నాగలి చేతికిస్తాడు కనుక కొమురెల్లి గదిలోనే ఉండిపోయాను. వార్డెన్ వచ్చినప్పుడల్లా నేను చుట్టాన్ని. ఒకే వారంలో మేనమామ కొడుకుగా, బావమరిదిగా, చిన్నాయనగా పరిచయమయ్యాను. చిన్నాయన అయిన రోజున వార్డెన్ నాకు కుర్చీ కూడా వేశాడు.

కొమురెల్లి చదివేది జర్నలిజం. ఒక రోజు లైబ్రరీలో ఏదో విదేశీ పత్రికలో టెలివిజన్ బొమ్మ చూశాడు. పెట్టెలో మనిషి, చేతిలో కాగితం. ఇక వాడికి నిద్ర లేదు. "పేపరోడు రాస్తడు, రేడియోవోడు చదువుతడు. గీ పెట్టెల మనిషి మన ఇంట్ల కూసొని మాట్లాడుతడు ర భయ్. నేను గదే అయితా," అన్నాడు. హైదరాబాదుకు టెలివిజన్ ఎప్పుడొస్తుందో ఎవరికీ తెలియదు. వాడికి అంత ఓపిక లేదు. కొత్త భవనం కడుతున్నచోట మూలన పడేసిన కిటికీ చట్రం ఒకటి అడిగి తెచ్చాడు. సామేలు హోటల్ వసారా దూలానికి రెండు తాళ్లతో వేలాడదీశాడు. చట్రం కింది కట్టెకు రెండు సోడా మూతలు మేకుతో బిగించాడు. ఒకటి మోతకు, ఇంకొకటి ఆపడానికి. వెనకాల స్టూలు వేసుకుని కూర్చున్నాడు. టెలివిజన్ తయారు.

వార్తలు ఇలా ఉండేవి: "లాలాపేట్ల పట్టాల మీద ఒక బర్రె పండుకున్నందుకు లోకల్ బండి ఆలిశ్యం. బర్రె ఇంక లేవలే. విద్యానగర్ల నల్లా నీళ్లు వచ్చినయి, పోయినయి. ఇగ వాతావరణం." అని చట్రంలోంచి చెయ్యి బయటపెట్టి, అరచెయ్యి చూసుకుని, "వాన లేదు," అనేవాడు.

సోడా మూతలంటే వాడికి మహా నియమం. ఎవరైనా మొదటి మూత ఎడమకు తిప్పితే గొంతు తగ్గించేవాడు, కుడికి తిప్పితే అరిచేవాడు. రెండోది తిప్పితే టక్కున ఆగిపోయి, కళ్లు కూడా ఆర్పకుండా కూర్చునేవాడు. హోటల్లో గిరాకీ పెరిగినప్పుడు సామేలు గల్లాపెట్టె దగ్గర నుంచి లేచి వచ్చి, "జెర నోరు మూసుకో బిడ్డా, ఆర్డర్లు ఇనబడ్తలెవ్వు," అని రెండో మూత తిప్పి పోయేవాడు. మళ్లీ ఎవరో ఒకరు జాలిపడి తిప్పేదాకా వార్త మధ్యలో బర్రె అలాగే పట్టాల మీద పడుకుని ఉండేది.

వార్తల తర్వాత గెస్టు. చట్రం వెనక ఇంకో స్టూలు, స్టూలు మీద గెస్టు, గెస్టు ముందు నాష్టా ప్లేటు. తినకుండా గెస్టు మాట్లాడకూడదట. "లండన్ల గదే రూలు," అని కొమురెల్లి చెప్పేవాడు. లండన్ సంగతి మాకెవ్వరికీ తెలియదు కనుక ఒప్పుకున్నాం.

గెస్టును ఎన్నుకునే పద్ధతే విచిత్రం. పొద్దున హాస్టల్ నుంచి తార్నాకకు నడిచే దారిలో కనిపించిన వాళ్లందరినీ తన ప్రశ్న అడుగుతూ వచ్చేవాడు. ఎకనామిక్స్ ప్రొఫెసర్ శ్రీనివాసరావుగారు చేతికర్ర ఊపుకుంటూ రోజూ ఎదురయ్యేవారు.

"సార్, పొద్దుగాల ఏం తిన్నరు?"

"ఇడ్లీ."

"మంచిది సార్," అని ముందుకు నడిచేవాడు. ప్రొఫెసర్‌గారు కర్ర ఆపి నాతో, "ఏమయ్యా, ఇతను జర్నలిస్టా, వంటవాడా?" అనేవారు. ఎన్నడూ తనను గెస్టుగా పిలవలేదని ఆయనకు లోపల మంట.

నన్ను మాత్రం పిలిచేవాడు. గర్వంగా చెప్పుకోవడం కాదు, ఉన్న మాట: ఆ కిటికీలో నాకంటే ఎక్కువసార్లు కూర్చున్న మనిషి మరొకడు లేడు. నేను ఆ ప్రశ్నకు న్యాయం చేసేవాడిని. కళ్లు నులుముకుంటూ చాప మీద నుంచే, "ఏమున్నది భయ్, రెండు డబల్ ఆమ్లెట్లు, కీమా, నాలుగు రొట్టెలు, మీద మలాయ్ చాయ్," అనేవాడిని. కొమురెల్లి నన్నొక క్షణం చూసి, "ఇయ్యాల గెస్టు నువ్వే," అనేవాడు. ప్రతిభను గుర్తించే కన్ను అంటే అదీ. చట్రంలో కూర్చుని ప్లేటు ఖాళీ చేసి, లాలాపేట్ గేటు దగ్గర రైలుతో సైకిల్ పందెం వేసి, స్టేషన్‌లో దానికంటే ముందే దిగి, దాన్ని నేనే ఆహ్వానించిన సంగతి చెప్పేవాడిని. జనం చాయ్ చల్లారబెట్టుకుని వినేవారు.

అలా ఉండగా ఢిల్లీ నుంచి ఒక ఆఫీసర్ వస్తున్నాడని తెలిసింది. అక్కడి టెలివిజన్‌లో వార్తల పని నేర్పడానికి మా క్యాంపస్ నుంచి ఒక్కరిని తీసుకుంటాడట. కొమురెల్లి ఆ రోజంతా చట్రం తుడుస్తూనే ఉన్నాడు. సాయంత్రం నాతో మెల్లగా, "గాయన మన ప్రోగ్రాం ఒక్కసారి చూస్తే చాలు ర భయ్," అన్నాడు. వాడు తన కోసం నన్ను ఏదైనా అడగడం అదే మొదలు.

ఇక నేను రంగంలోకి దిగాను. ఆఫీసర్‌ను సామేలు హోటల్‌కు రప్పించింది నేను. ఎలాగంటే, హైదరాబాదులో రహస్యంగా ఒక టెలివిజన్ నడుస్తోందని ఆయన చెవిన వేశాను. గెస్టుగా శ్రీనివాసరావుగారిని ఒప్పించింది కూడా నేనే. ఆయన ఎండాకాలంలో సూటు వేసుకుని, "దేశ ఆహార సమస్య" అనే ఉపన్యాసం తయారుచేసుకుని, ఆరున్నరకే వచ్చి బెంచీ మీద కూర్చున్నారు. ముందు బెంచీలో ఆఫీసర్, టై, నల్లకళ్లద్దాలు. సామేలు ఆయన గ్లాసును మూడుసార్లు కడిగాడు.

అక్కడ అంతా సిద్ధం. ఇక్కడ మేమిద్దరం హాస్టల్ మెట్లు దిగుతున్నాం. నల్లా దగ్గర దానయ్య ముఖం కడుక్కుంటున్నాడు. ఎం.ఏ. కుర్రాడు, మహా సిగ్గరి, తన పేరు పిలిస్తే తనే దాక్కునే రకం.

"దానయ్యా, పొద్దుగాల ఏం తిన్నవ్?"

దానయ్య కడుక్కోవడం ఆపాడు. "పూరీలు తిన్ననన్నా. ఆలుగడ్డ కూర. మల్ల సేమ్యా. మా మామ లడ్డూలు గూడ పంపిండు, గవి తిన్న. ఇంక పెరుగు..."

నేను ముచ్చటపడిపోయాను. ఇంత సిగ్గరిలో ఇంత వర్ణన! కొమురెల్లి మాత్రం దానయ్య భుజం మీద చెయ్యి వేశాడు. "నడువ్. ఇయ్యాల గెస్టు నువ్వే."

"ఏంది బే!" అన్నాను. "గాడ ప్రొఫెసర్ సూటేసుకొని కూసున్నడు!"

"సూటు రేపు గూడ ఉంటది," అన్నాడు.

"ఢిల్లీ ఆయన రేపుండడు!"

ఆ మాటకు వాడి నడక ఒక్కసారి ఆగింది. తర్వాత దానయ్యను ముందుకు నడిపించుకుంటూ పోయాడు.

ఆ రోజు ప్రసారాన్ని నేను చచ్చేదాకా మరచిపోను. దానయ్య చట్రంలో కూర్చున్నాడు. ప్లేటు వచ్చింది. దానయ్య తల దించాడు, ఇక ఎత్తలేదు. కొమురెల్లి ఒక్క ప్రశ్న అడగలేదు. జనం దానయ్య వంక చూస్తే చాలు, గట్టిగా కొత్త వార్త చదివేవాడు. వార్తలు అయిపోయాయి. మళ్లీ మొదటినుంచి చదివాడు. వాతావరణం మూడుసార్లు చెప్పాడు, మూడుసార్లూ చెయ్యి బయటపెట్టాడు. పట్టాల మీద బర్రెను లేపాడు, పండబెట్టాడు, దానికి దూడ పుట్టించాడు. సామేలు రెండోసారి వడ్డించాడు. ప్రొఫెసర్‌గారి నుదుటి చెమట ఉపన్యాసం మీద పడుతోంది.

ఢిల్లీ ఆఫీసర్ గడియారం చూసుకున్నాడు. లేచాడు. చట్రం దగ్గరికి వచ్చి, వంగి, అదేమిటో చూద్దామన్నట్టు రెండో సోడా మూత తిప్పాడు. కొమురెల్లి టక్కున ఆగిపోయాడు. వాడి ఉద్యోగం ఎదుట నిలబడి ఉంది, నోరు తెరిస్తే చాలు. "మాట్లాడు ర!" అని నేను అరిచాను. నియమం నియమమే. రెప్ప కూడా వేయలేదు. దానయ్య నమిలే చప్పుడొక్కటే ప్రసారమైంది. ఆఫీసర్ తల అడ్డంగా ఊపి, జీపెక్కి పోయాడు. ఆ శిక్షణకు కొమురెల్లి క్లాసులోనే ఇంగ్లీషు బాగా వచ్చిన శ్యామలాంబను తీసుకున్నారు.

నేను కొమురెల్లిని తిట్టిన తిట్లు లాలాపేట్ దాకా వినిపించి ఉంటాయి. "బతుకు పాడు జేసుకున్నవ్! ఎవనికోసం? కడుపు పగిలేటట్టు తిని వచ్చినోనికోసం! పూరీలు, లడ్డూలు తిన్ననని వాడే చెప్పిండు గద!"

"చెప్పిండు," అని కొమురెల్లి చట్రం దులిపి క్లాసుకు పోయాడు.

నా కోపం సామేలు మీదికి మళ్లింది. "నువ్వన్న చెప్పరాదా సామేలన్నా? రెండోసారి గూడ పెట్టితివి!"

సామేలు చాయ్ వడగడుతూ అన్నాడు: "దానయ్య మెస్సు బందయి నాలుగొద్దులాయె. ఆళ్ల ఊర్ల పంట ఎండిపోయింది. నీకెర్కలేదా?"

"మరి పూరీలు?"

"తిన్నోడు ఒక్క మాటల చెప్తడు కొడకా. తిననోడు పండుగ జేస్తడు. గది కొమురెల్లి కనిపెట్టిన పద్ధతి. లండన్ లేదు, గిండన్ లేదు. ఆ ప్లేటు నీ దోస్తుదే. పొద్దటి నాష్టా నెలకింత అని నా దగ్గర మాట్లాడుకున్నడు. ఒక్కనాడన్న ముట్టిండా? కిటికీల ఎవలు కూసుంటే ఆళ్లకు పెట్టుమంటడు. ఊకెనే పిలిచి పెడితే ఎవడు తింటడు? టీవీ గెస్టంటే రాజు లెక్క కూసుంటడు."

"అచ్ఛా," అన్నాను. "అంటే దానయ్య సంగతి నాకు ఇప్పుడు సమజయింది."

"దానయ్య సంగతే," అన్నాడు సామేలు. చాయ్ గ్లాసు నా ముందు పెట్టి, నా ముఖం వంక చూశాడు. "నువ్వేం తిన్నవ్ ఇయ్యాల?"

నోరు తెరిచాను. డబల్ ఆమ్లెట్లు నాలుక మీదికి వచ్చాయి. వాటి వెనకాల కీమా, రొట్టెలు, మలాయ్ చాయ్ వరసగా నిలబడ్డాయి. ఆ కిటికీలో నేను కూర్చున్న పొద్దులన్నీ గుర్తొచ్చాయి. నా సైకిల్ పందెం గుర్తొచ్చింది.

"ఏం తినలే," అన్నాను.

సామేలు ఒక బన్ను గ్లాసు పక్కకు నెట్టాడు. ఇంత చిన్న కథ నేను అంతకుముందు ఎవరికీ చెప్పలేదు.

తర్వాత చాలా ఏళ్లకు నిజం టెలివిజన్ హైదరాబాదుకు వచ్చింది. ఆ తర్వాత ఇంకా చాలా ఏళ్లకు పొద్దుటి కార్యక్రమాలు వచ్చాయి. మా కొమురెల్లి బట్టతలతో, కోటుతో నిజం పెట్టెలో కూర్చున్నాడు. మంత్రులొచ్చినా, సినిమావాళ్లొచ్చినా మొదటి ప్రశ్న అదే. మంత్రులు డాక్టరు ఏం తినొద్దన్నాడో చెప్పేవారు. పైవాళ్లు ఆ ప్రశ్న తీసేయమని ఎన్నిసార్లు చెప్పినా వాడు వినలేదు. స్టూడియోలో లైట్లు మోసేవాళ్లను, మేకప్ చేసేవాళ్లను కూడా లోపలికి పోతూ పోతూ అడిగేవాడని విన్నాను. ఎవరు పొడుగ్గా జవాబు చెప్పారో, వాళ్లకు ఏమైందో నాకు తెలియదు గాని, ఊహించగలను.

ఇదంతా రాసి మొన్న వాడికే చూపించాను. చివర ఇలా ముగించాను: "మిత్రుల కోసం నోటి దగ్గరి ముద్దను వదులుకుని, ఢిల్లీనే కాలదన్నిన త్యాగమూర్తి." చాలా గొప్పగా కుదిరిందని నా ఉద్దేశం. కొమురెల్లి కళ్లజోడు పెట్టుకుని రెండుసార్లు చదివి, కాగితం నా చేతికిచ్చాడు.

"త్యాగం గీగం ఏం లేదు. ఢిల్లీకి ఇంగ్లీషు గావాలె, నాకు రాదు. నాష్టా అంటవా, పొద్దుగాల తింటే నాకు నిద్రొస్తది."