బటన్ నొక్కాక వదిలిన ఊపిరి

మా చిన్న మావయ్య పోయాడని అమ్మ ఫోన్ చేసేసరికి నేను తేలీబాంధా చౌరస్తా దగ్గర ట్రాఫిక్‌లో ఉన్నాను. "ఊపిరందలేదే అమ్మీ, పోనాడు" అంది. స్కూటర్ పక్కకి ఆపి నిలబడ్డాను. ఏడుపు రాలేదు, కోపం వచ్చింది. బతుకంతా ఊపిరి బిగబట్టుకుని పనిచేసిన మనిషి. ఆఖరికి ఆ ఊపిరే ఆయనకి దొరక్కుండా పోయింది.

మావయ్య డాక్యుమెంటరీ కెమెరామన్. మా తాతయ్యది రైల్వే వ్యాగన్ల వర్క్‌షాపులో పని, కొడుకునీ అక్కడే పెట్టాలని చూశాడు. కొడుకు పెళ్ళి వీడియోలతో మొదలుపెట్టి, తంబూరా పట్టుకుని భారతకథ పాడే పండవానీ గాయకుల వెంట పడ్డాడు. స్టాండు వాడేవాడు కాదు, కెమెరా భుజం మీదే. మైకు కెమెరాకే ఉండేది కాబట్టి, తను గట్టిగా ఊపిరి తీస్తే అదీ టేపులోకి ఎక్కేసేది. అందుకని తబలా జోరుగా మోగేటప్పుడు దొంగతనంగా ఇంత గాలి పీల్చుకుని, పాట నెమ్మదించగానే బిగబట్టేవాడు.

ఒక మధ్యాహ్నం మందిర్ హసౌద్ అనే ఊళ్ళో, పండవానీ పాడే ఒక ముసలామె ఇంటి అరుగు మీద షూటింగ్‌కి నన్ను కూడా తీసుకెళ్ళాడు. పాట అయ్యాక ఆమె తంబూరా ఎత్తి పట్టుకుని అలాగే ఉండిపోయింది. మావయ్యా కదల్లేదు. ఆ తర్వాత బటన్ నొక్కి, కెమెరా దించి, అప్పుడు వదిలాడు ఊపిరి. వీధిలోకి వినిపించేంత. ఆమె పకపకా నవ్వి, "గాయేఁవ్ మైఁ, థక్ గే తైఁ?" అంది. పాడింది నేనైతే అలిసింది నువ్వా అని.

దారిలో నేనూ అదే అడిగితే, "సూసినోళ్ళకి పాడినోళ్ళే కనపడాలమ్మీ. మనం ఉన్నట్టు తెలిస్తే పని సెడిపోనట్టే" అన్నాడు.

తర్వాత ఆ ముసలామె పోయింది. పిలిచే దర్శకులూ తగ్గిపోయారు. ఆఖరి పని ఏదో స్కూలు వార్షికోత్సవం. తల్లిదండ్రులంతా లేచి ఫోన్లు ఎత్తితే, పిల్లల డాన్సు బదులు ఫోన్ల తెరలు షూట్ చేసుకొచ్చాడు. ఆ సరికే దగ్గు మొదలైంది. ఎక్స్‌రే గదిలో "సాఁస్ రోకియే" అంటే ఊపిరి బిగబట్టలేకపోయాడట. బయటికొచ్చి గోడకి ఆనుకుని, "నాకొచ్చిన పని అదొక్కటే, అదీ పోనాది" అన్నాడు.

పెద్దకర్మ అయ్యాక, రైల్వేవాళ్ళ డబ్ల్యూఆర్ఎస్ కాలనీలో మా ఇంటికి అత్తయ్య టేపులన్నీ పట్టుకొచ్చింది, ప్లేయర్‌తో సహా. పాటల కోసం కాదు. మా ఫోన్ల వీడియోల్లో ఆయన ఉన్నది జబ్బు పడ్డాకే, అన్నిట్లో ఆక్సిజన్ గొట్టమూ ఆ గురగురా. "ఆ సప్పుడే సెవుల్లో ఉండిపోనాదమ్మీ. ముందటి ఊపిరి ఒక్కసారి ఇంటే సాలు" అంది.

పెట్టాను. ఒకచోట దగ్గు వినబడితే ఉలిక్కిపడి చూశాను. "కాదు. ఎవరో జనంలోది" అంది, తల కూడా తిప్పకుండా. మీరు మీ ఇంట్లోవాళ్ళని ఎంత గుర్తుపడతారో తెలియదు గానీ, ఆవిడకి దగ్గు కూడా తెలుసు.

మందిర్ హసౌద్ టేపు వచ్చింది. పాట ముగిసింది. ముసలామె తంబూరా ఎత్తి పట్టుకుంది. అత్తయ్య స్పీకర్‌కి చెవి ఆనించి, "పాటైపోనాది కదా, ఇప్పుడొదుల్తారు సూడు" అంది.

ఆ రోజు ఆయన పక్కనే ఉన్నాను కదా. ముందు బటన్, తర్వాత ఊపిరి. ఎప్పుడూ అంతే. పనిని అంత శుభ్రంగా చేసినందుకు మొదటిసారి ఆయన మీద కసి పుట్టింది. ఆ ఊపిరి టేపులో ఉండదని ఆవిడకి చెప్పలేకపోయాను.

తెర నీలంగా అయిపోయింది.

"మళ్ళీ ఎట్టమ్మీ" అంది అత్తయ్య, చెవి అక్కడి నుంచి తియ్యకుండానే.