‘తిరిగి రాలేదు’ అన్న మాటకు బదులు

బోదిల్ క్రోగ్ పని వినడానికి తేలిక. ఒక వెబ్‌సైటు కోసం, ఎవరో రాసిన సినిమా వ్యాసాన్ని ముందు పెట్టుకుని, అర్థం చెడకుండా మాటలు మార్చాలి. ‘అద్భుతం’ ఉన్నచోట ‘అమోఘం’, ‘విషాదం’ ఉన్నచోట ‘శోకం’. పాత మాటలు మరీ ఎక్కువ మిగిలితే కంప్యూటర్ ఆ వాక్యాన్ని ఎర్రగా చూపిస్తుంది. ఎరుపంతా పోతే వ్యాసం కొత్తదైపోయినట్టే. థూబొరోన్ అనే చేపల రేవులో స్థానిక పత్రికకు ఇరవై రెండేళ్లు అచ్చుతప్పులు దిద్దిన మనిషి ఆమె. పత్రిక మూతపడ్డాక ఇది దొరికింది. ఏం చేస్తున్నావని ఎవరైనా అడిగితే మాట దాటేసేది.

ఆ మార్చిలో ఒక డాక్యుమెంటరీ మీద వ్యాసం వచ్చింది. 1981లో చేపలవేటకు వెళ్లిన ‘మారెన్ సోఫీ’ అనే పడవ, అందులోని నలుగురు మనుషుల కథ అది. వాళ్లలో అందరికంటే చిన్నవాడు ఎస్కిల్, బోదిల్‌కి అన్న. అప్పటికి అతనికి పంతొమ్మిది, ఆమెకు పదమూడు.

ఇంకెవరికైనా ఇమ్మంటే ఇచ్చేవారు. ఆమె అడగలేదు. ‘పడవ’ను ‘నావ’ చేసింది. ‘తుఫాను’ను ‘గాలివాన’ చేసింది. ‘ఉత్సాహవంతుడైన కుర్రవాడు ఎస్కిల్’ అని ఉంటే ‘హుషారైన యువకుడు’ అని మార్చింది. నిజానికి ఎస్కిల్ ఆ రెండూ కాదు. అలల మీద కడుపులో తిప్పేసేది అతనికి. తండ్రి పోరు పడలేక వెళ్లాడు.

ఆఖరి వాక్యం దగ్గర చెయ్యి ఆగింది. ‘నలుగురూ తిరిగి రాలేదు.’ ముప్పై ఎనిమిదేళ్లుగా ఇంట్లో నడిచిన మాట అదొక్కటే. తల్లి థోరా ఇంకో మాట పడనిచ్చేది కాదు. కొడుకు ఆత్మశాంతికి ప్రార్థన జరిపిస్తానని వచ్చిన పాస్టరుకు కాఫీ ఇచ్చి సాగనంపింది.

‘వెనక్కి చేరుకోలేదు’ అని కొట్టింది బోదిల్. ఎరుపు పోయింది. అయినా దాన్ని చెరిపేసి, ‘నలుగురూ మునిగి చనిపోయారు’ అని రాసింది.

వంటింట్లో బంగాళాదుంపలు చెక్కు తీస్తున్న తల్లి, ఇంతసేపూ ఏం రాశావని అడిగింది. ఎనభై ఆరేళ్ల మనిషి, చెవులు మాత్రం చురుకే. బోదిల్ మొత్తం చదివి వినిపించింది. కత్తి ఆగింది.

“చనిపోయాడని నీకెవరు చెప్పారే? నువ్వు చూశావా?”

“కంప్యూటర్ ఒప్పుకోలేదమ్మా. వేరే మాట కావాలంది.”

“అంత చదివావు, నీకు ఇంకో మాటే దొరకలేదూ?”

దొరికిందని చెప్పలేకపోయింది బోదిల్. తల్లి మిగతా దుంపలు కూడా చెక్కు తీసి, నీళ్లలో వేసి, తన గదిలోకి వెళ్లి తలుపు వేసుకుంది. ఆనాటి నుంచి థోరా నోట ఎస్కిల్ పేరు రాలేదు. కూతురితో వాతావరణం గురించీ, మందుల గురించీ మాట్లాడేది, అంతే. ఆ మౌనం ముందు, వెనకటి ఎదురుచూపే నయమనిపించేది బోదిల్‌కి.

నవంబరులో థోరా నిద్రలోనే పోయింది. సమాధిరాయి చెక్కే పెద్దాయన ఇంటికొచ్చి, అబ్బాయి పేరు కూడా కింద చెక్కమంటారా, ఊళ్లో అందరూ అదే అడుగుతున్నారన్నాడు.

“వద్దండీ,” అంది బోదిల్. “అమ్మకి ఇష్టం ఉండదు.”

ఆయన కొలతలు రాసుకుని వెళ్లిపోయాడు.

సినిమా ఆమె చూడలేదు. వ్యాసం మాత్రం, ఆమె రాసిన ఆఖరి వాక్యంతోనే, ఆ వెబ్‌సైటులో ఎవరి పేరూ లేకుండా ఇప్పటికీ ఉంది.