మేయర్ గారు చేసిన మా పెళ్లి

నాకు భార్గవితో మూడుసార్లు పెళ్లయింది. మూడోది ప్రొద్దుటూరులో, బాజాభజంత్రీలతో, మా మామగారు దగ్గరుండి జరిపించారు. దాని గురించి చెప్పడానికేం లేదు, భోజనాలు బావున్నాయి. రెండోది న్యూజిలాండ్‌లో నేనుండే ఊరు పామర్‌స్టన్ నార్త్‌లో ఒక గవర్నమెంటు ఆఫీసులో, చాయ్ చల్లారేలోపు అయిపోయింది. అసలు గోలంతా మొదటిదాంతోనే. ఆ పెళ్లికి ముహూర్తం పెట్టింది నేనే, పంతులుగారి స్థానంలో ఒక ఫ్రెంచి పార్లమెంటు సభ్యుణ్ణి నిలబెట్టింది నేనే, చివరికి ఆ పెద్దాయన మనసు ముక్కలయ్యే పరిస్థితి తెచ్చిందీ నేనే. అప్పటికి నాకు ఇరవై ఎనిమిదేళ్లు, పేరు పక్కన రెండు డిగ్రీలున్నాయి. నవ్వకండి, రెండూ పాసయ్యాను.

నేనుండేది ఒక డాక్టరమ్మ ఇంటి వెనక చిన్న యూనిట్‌లో. ఆవిడ ఫ్రాన్స్ నుంచి వచ్చి ఇక్కడ హాస్పిటల్లో పనిచేసేది. భార్గవి అదే హాస్పిటల్లో నర్సు, ఆ యూనిట్ నాకు చూపించింది కూడా తనే. డాక్టరమ్మ వాళ్లమ్మ పోయాక నాన్నని తెచ్చి దగ్గర పెట్టుకుంది. డెబ్భై దాటిన మనిషి, సన్నగా పొడుగ్గా, పొద్దున్నే ఇస్త్రీ చొక్కా వేసుకుని సైకిలెక్కేవాడు. షికారుకి అనుకునేరు. ఎక్కడ ఫుట్‌పాత్ పలక లేచిందో, ఏ డ్రైన్ మీద ఆకులు పేరుకున్నాయో చూసి, నోట్‌బుక్కులో రాసుకుని, కౌన్సిల్‌కి ఫోన్ చేసేవాడు. కౌన్సిల్ వాళ్లు ఆయన గొంతు గుర్తుపట్టి, ఈరోజు ఏ వీధండీ అని వాళ్లే అడిగే స్టేజికి వచ్చింది.

ఒకరోజు చెత్తడబ్బాల దగ్గర మాటల్లో బయటపడింది. ఆయన వాళ్లూరికి పాతికేళ్లకి పైగా మేయరు. మొదట పశువుల డాక్టరట. ఆవులకి పురుడు పోయడానికి వెళ్లిన ప్రతి ఇంట్లోనూ రోడ్డు బాలేదనో, బడి పైకప్పు కారుతోందనో చెప్పేవాళ్లట. విని విని విసుగెత్తి తనే ఎన్నికల్లో నిలబడ్డాడు. తర్వాత జనం పార్లమెంటుకి కూడా పంపారు. వాళ్ల దేశంలో అప్పట్లో రెండు పదవులూ ఒకేసారి ఉండొచ్చట. వారంలో మూడు రోజులు పారిస్‌లో, మిగతా రోజులు ఊళ్లో. కొన్నాళ్లకి ఎవరైనా ఒక్క పదవే ఉంచుకోవాలని చట్టమొచ్చింది. తోటివాళ్లందరూ పార్లమెంటు ఉంచుకుని ఊరిని వదిలేస్తే ఈయన ఊరు ఉంచుకుని పార్లమెంటు వదిలేశాడు.

"ఎందుకండీ?" అన్నాను. ఎంపీ పదవి వదులుకునే మనిషిని నేను అంతవరకూ చూడలేదు.

"అక్కడ మాట్లాడాలి. ఊళ్లో అయితే పంపు బాగుచేస్తే నీళ్లొస్తాయి, కళ్లకి కనపడుతుంది" అన్నాడు.

ఆ తర్వాతి ఎన్నికల్లోనే ఆ ఊరు ఆయన్ని ఓడించింది. గెలిచింది మందులషాపు ఆయన. ఆ మందులషాపు ఆయనకి పెళ్లి చేసింది కూడా ఈయనేనట. ఫ్రాన్స్‌లో పెళ్లంటే మేయరు ముందే జరగాలి, తర్వాతే చర్చి అయినా మరేదైనా. ఈయన పాతికేళ్లలో ఊళ్లో సగం మందికి పెళ్లిళ్లు చేశాడు. ఇదంతా నవ్వుతూనే చెప్పి, చివర్లో మాత్రం, "ఓడిన మర్నాడు రొట్టెల కొట్టుకి వెళ్లాను. రోజూ మేయర్ గారూ అనే మనిషి ఆరోజు పేరు పెట్టి పిలిచింది" అన్నాడు. నాకు చివుక్కుమంది.

ఇక్కడ మా తెనాలి సంగతి మీకు చెప్పాలి. మా వీధిలో ఒకాయన నాకు ఊహ తెలియకముందెప్పుడో ఒక్కసారి మున్సిపల్ చైర్మన్‌గా చేశారు. నేను డిగ్రీకొచ్చేదాకా ఆయన చైర్మన్ గారే. వాళ్లబ్బాయి చైర్మన్ గారబ్బాయి. వాళ్ల కుక్కని అదిలించాలన్నా చైర్మన్ గారి కుక్కా అనే అదిలించేవాళ్లం. ఆయన లెటర్‌హెడ్ మీద రెండు ముక్కలు రాసిస్తే కాలేజీలో సీటొచ్చేది. మా దగ్గర పదవికి రావడమే తెలుసు, పోవడం తెలియదు. ఆ నీళ్లు తాగి పెరిగినవాణ్ణి కాబట్టి ఆ రోజు నుంచే ఆయన్ని నోరారా "మేయర్ గారూ" అని పిలవడం మొదలుపెట్టాను. మొదటిసారి ఆయన వెనక్కి తిరిగి చూసుకున్నాడు, ఇంకెవర్నో పిలిచాననుకుని.

అప్పుడే మా పెళ్లి మాటలు నడుస్తున్నాయి. మామగారు ఒప్పుకున్నారు. ప్రొద్దుటూరు పెళ్లికి ఆరునెలలు పడుతుంది, ఈలోపు అక్కడే పెద్దల సమక్షంలో ఒక్కటై, తర్వాతే ఒకింట్లో ఉండండి అన్నారు. "మరి ఆడ మనకి పెద్దమనిషి ఎవురుండారు?" అని అడిగారు. నేను ఏమాత్రం తడబడకుండా "ఎంపీగారున్నారు మామయ్యా" అన్నాను. కూతుర్ని మంచి చేతుల్లోనే పెడుతున్నానని ఆయనకి అప్పుడే నమ్మకం కుదిరిందని తర్వాత చెప్పారు.

మా పెళ్లి మీరే చేయాలని మేయర్ గారిని అడిగితే ఆయన కుర్చీలో కూర్చుండిపోయారు. "కాయితాలన్నీ అయ్యాయా?" అన్నారు.

"అవన్నీ నేను చూసుకుంటానండీ" అన్నాను.

చూసుకుంటాను అంటే తర్వాత చూసుకుంటానని. మనవైపు అంతే కదా, ముందు పెళ్లి చేసుకుని, శుభలేఖా ఫొటోలూ పట్టుకుని రిజిస్ట్రార్ దగ్గరికి వెళ్తాం. ఆయనేమో ఫ్రెంచివాడు, ముందు చట్టం, తర్వాతే సంబరం. న్యూజిలాండ్‌లో ఏం పద్ధతో నేనూ అడగలేదు, ఆయనా అడగలేదు. నేను అడక్కపోవడానికి కారణం అహంకారం, ఆయన అడక్కపోవడానికి కారణం నా మీద నమ్మకం.

శనివారం పొద్దున ఎస్ప్లనేడ్ పార్కులో, గులాబీ తోటలో పెళ్లి. పన్నెండుమందిమి ఉన్నాం. గులాబీ కొమ్మకి ఊతమిచ్చిన కర్రకి ఫోన్ కట్టి మామగారిని వీడియోలో నిలబెట్టాం. మేయర్ గారు కోటు వేసుకొచ్చారు. ఫ్రాన్స్‌లో మేయర్లు పెళ్లిలో భుజం మీంచి వేసుకునే మూడు రంగుల పట్టీ ఒకటి ఉంటుందని విని, అది వేసుకోమని బతిమాలాను. "అది వేసుకునే హక్కు ఇప్పుడు నాకు లేదు" అన్నారు మెల్లగా. అక్కడే నా బుర్రలో గంట కొట్టాలి. కొట్టలేదు. నేను మొహమాటమనుకుని, పాపటోయిటోయిలో మనవాళ్ల బట్టల కొట్టు నుంచి తెప్పించిన శాలువా తీసి ఆయన భుజాల మీద కప్పి చప్పట్లు కొట్టించాను.

భార్యాభర్తలు ఒకరికొకరు గౌరవం, నమ్మకం, సాయం, తోడు ఇచ్చుకోవాలని వాళ్ల దేశం చట్టంలో ఉందట. ఆ ముక్కలు ముందు ఫ్రెంచిలో, తర్వాత ఇంగ్లీషులో, కాయితం చూడకుండా చెప్పారు. చివర్లో 'చట్టం పేరున' అనాల్సిన చోట ఆగారు. ఒక్క క్షణం మమ్మల్నిద్దర్నీ చూసి, "ఇక్కడున్న స్నేహితులందరి పేరున మీరిద్దరూ ఒక్కటయ్యారు" అన్నారు. భార్గవి కళ్లనిండా నీళ్లు. కర్రకి కట్టిన మామగారు, ఎంపీ అంటే ఇట్లుండాల అని ఎవరికో చెబుతున్నారు. ఆ ఆగడం కూడా నాకర్థం కాలేదు. గొంతు పట్టేసిందనుకుని నీళ్లసీసా అందించాను.

ఆయన చక్కటి దస్తూరితో మా పేర్లు, తేదీ రాసి సంతకం చేసిచ్చిన కాయితాన్ని నేను లామినేషన్ చేయించాను. ఆ కాయితం, శుభలేఖ, ఫొటో ఆల్బమ్ సంచిలో వేసుకుని, మూడు వారాల తర్వాత రిజిస్ట్రార్ ఆఫీసుకి దర్జాగా వెళ్లాను. మామగారు బంధువులకి చూపించడానికి సర్టిఫికెట్ పంపమన్నారు మరి. కౌంటర్లో ఆవిడ చాలా మర్యాదస్తురాలు. ఆల్బమ్ మొత్తం ఓపిగ్గా తిరగేసి, చీర బావుంది అంది.

"పెళ్లి ఎవరు చేశారు?"

"మేయర్ గారండీ."

"మన మేయరా?"

"కాదండీ, ఫ్రాన్స్‌లో."

"ఓ, పెళ్లి ఫ్రాన్స్‌లో అయిందా?"

"లేదండీ, ఎస్ప్లనేడ్‌లో."

ఆవిడ కళ్లద్దాలు తీసి పక్కన పెట్టింది. ఇక్కడ పెళ్లికి ముందే లైసెన్సు తీసుకోవాలనీ, పెళ్లి చేసే మనిషి పేరు వాళ్ల జాబితాలో ఉండాలనీ చిన్నపిల్లాడికి చెప్పినట్టు చెప్పింది. ఆయన ఎంపీ కూడా అండీ అన్నాను, అదేదో పనికొస్తుందని. ఆవిడ నా లామినేషన్ కాయితాన్ని రెండు చేతులతో తిరిగిచ్చి, ఇది దాచుకోండి, చాలా అందంగా ఉంది, కానీ మీకు పెళ్లి కాలేదు అంది.

ఇంటికెళ్లి భార్గవికి చెప్పాను. అంటే ఈ మూడు వారాలూ మనం, అని ఆగింది. అవునన్నాను. మా నాయనకి తెలిస్తే సముద్రంలో ఈదుకుంటానైనా వస్తాడు, అంది. పెళ్లికాని మగాడితో ఒకింట్లో ఉండనని నా బట్టలు సంచిలో కుక్కి, నన్ను కిరణ్ వాళ్ల ఫ్లాట్‌కి పంపేసింది. కిరణ్ నా ఆఫీసు స్నేహితుడు, కొత్త పెళ్లికొడుకు సంచితో రావడం చూసి ఏం అడగకుండా సోఫా చూపించాడు.

మర్నాడు భార్గవి ఫోన్ చేసింది. నా మీద కోపం సగం చల్లారింది, గొంతులో భయమే ఎక్కువుంది. "ఆయనకి మాత్రం తెలియకూడదు శ్రీధర్. ఊరు ఊరంతా నువ్వు మేయరువి కాదని ఒకసారి చెప్పింది. మళ్లీ మనం చెప్పొద్దు."

అదీ అసలు సమస్య. పెళ్లి మళ్లీ చేసుకోవచ్చు, ఆ పెద్దాయన చేసిన పెళ్లి చెల్లలేదని ఆయన మొహం మీద ఎలా చెబుతాం? కాబట్టి దొంగల్లాగా లైసెన్సుకి అప్లై చేశాం. గురువారం పదకొండింటికి ఆఫీసులో టైమిచ్చారు. సాక్షులు ఇద్దరు చాలు, భార్గవి తోటి నర్సొకామె, రెండోవాడు కిరణ్.

గురువారం పదింపావుకి కిరణ్ ఫోన్. ఆఫీసులో సర్వర్లు పడిపోయాయి, తను కదిలే వీల్లేదు. తెలిసినవాళ్లందరికీ చేశాను. పనిరోజు కదా, ఎవరూ ఎత్తలేదు. పట్టుచీరలో భార్గవి, సూటులో నేను ఇంటి ముందు నిలబడి వీధి ఈ చివర్నుంచి ఆ చివరికి చూస్తే, వీధి మొత్తానికి ఒక్క మనిషే ఉన్నాడు. డ్రైన్ దగ్గర వంగి ఆకులు లాగుతున్నాడు.

"వద్దు" అంది భార్గవి.

"ఇంకెవరున్నారు?" అన్నాను.

ఆయనే మమ్మల్ని చూసి సైకిలు నడిపించుకుంటూ వచ్చారు. ఎంత బావున్నారు ఇద్దరూ, ఎక్కడికి అన్నారు. పెళ్లికండీ అన్నాను. ఎవరిది అన్నారు. అబద్ధం వెతుక్కున్నాను, ఒక్కటీ దొరకలేదు.

"మాదే."

"మళ్లీనా?"

ఇక దాచలేకపోయాను. తెనాలి చైర్మన్ గారి దగ్గర్నుంచి లామినేషన్ దాకా మొత్తం చెప్పేశాను. మీరు చేశారు కాబట్టి అయిపోయిందనుకున్నామండీ, అన్నాను. ఆయన వింటూ వింటూ సైకిలు గోడకి ఆనించారు.

"నేను కాయితాలు ముందే అయిపోయాయనుకున్నాను. ముసలాయన సరదా పడతాడని, ఉత్తినే పిలిచారనుకున్నాను" అన్నారు.

"లేదండీ" అంది భార్గవి. "నిజంగానే పిలిచాం."

"అంటే ఆరోజు మీరిద్దరూ నన్ను నిజంగా మేయర్ననుకున్నారా?"

తలలూపాం. ఏడుస్తారనుకున్నాను. ఆయన నవ్వడం మొదలుపెట్టారు. నవ్వి నవ్వి గోడ పట్టుకున్నారు, కళ్లు తుడుచుకున్నారు. తర్వాత ఆ తుడుచుకోవడం నవ్వు వల్ల కాదని మా ఇద్దరికీ తెలిసింది.

"ఓడిపోయాక నన్ను మేయరనుకున్నవాళ్లు ప్రపంచంలో మీ ఇద్దరే" అన్నారు. తర్వాత వాచీ చూసి, పాతికేళ్ల నాటి గొంతుతో, "పదండి, పెళ్లికి ఆలస్యంగా వెళ్లే జంటలంటే నాకు అసహ్యం" అన్నారు.

ఆ ఆఫీసులో సాక్షిగా ఆయన పెట్టిన సంతకంతోనే మేమిద్దరం చట్టప్రకారం మొగుడూ పెళ్లాలమయ్యాం. బయటికొచ్చాక ఆయనే నన్ను మందలించారు, ఏ దేశంలోనైనా ఫారం ముందు చదవాలి నాయనా అని.

కాబట్టి పాఠకులారా, ఇందుమూలంగా ప్రమాణం చేస్తున్నాను. ఇకమీదట నా ఇంట ఏ శుభకార్యం జరిగినా ముందు ఆఫీసుకి వెళ్తాను, తర్వాతే పార్కుకి. ఫారాలు చిన్న అక్షరాలతో సహా చదువుతాను. సంతకం ఎవరిదైనా ఆరా తీయకుండా లామినేషన్ చేయించను. ఆయన్ని మేయర్ గారూ అని పిలవడం మాత్రం మానను. దానికి లైసెన్సు అక్కర్లేదట, కౌంటర్లో ఆవిడనడిగి మరీ కనుక్కున్నాను.