అక్క మొహం మీద వెలుగు

నా ఫొటోగ్రఫీ గురించి ఎవరు రాసినా మొదట ఆ మాటే రాస్తారు. మనిషిని వెలుగుకి అడ్డంగా నిలబెడతాడు, మొహం చీకట్లో వదిలేస్తాడు, భుజాల అంచున సన్నటి వెండిగీత మాత్రం మిగులుస్తాడు అని. ఆ పొగడ్తకి ఇన్నేళ్లూ ఉబ్బిపోయాను. ఇప్పుడు ఎవరైనా ఆ మాటెత్తితే ఒళ్లు మండుతుంది.

మా అక్క గుండుగొలనులో టీచరు. అమ్మ పోయాక నన్ను సాకింది ఆవిడే. నా మొదటి కెమెరా కూడా ఆవిడే కొనిపెట్టింది. సినిమాల్లో కెమెరామన్‌గా కుదురుకున్నాక, చేతికి కొత్త లెన్సు వచ్చినప్పుడల్లా ఊరికొచ్చి, అక్కని కొల్లేరు వైపు చేపల చెరువు గట్టు మీదికి తీసుకెళ్లేవాణ్ణి. ఆవిడ చర్చికి కట్టే చీర కట్టుకుని, తల నున్నగా దువ్వుకుని, పౌడరు రాసుకుని తయారయ్యేది. నేనేమో పొద్దు వాలుతుండగా సూర్యుడికి వీపు పెట్టించి నిలబెట్టేవాణ్ణి.

తీసింది చూపిస్తే మూతి ముడిచేది. “ఏరా, ఇంత పౌడరు రాసుకొచ్చింది సూర్యుడికి వీపు చూపించడానికా? మొహం కనబడేలా ఒక్కటి తీయరా. రేపు నేను పోతే కార్డు మీద ఏం వేస్తావు?”

“ఊరుకో అక్కా, నీకు తెలీదు. అందమంతా ఇందులోనే ఉంది” అనేవాణ్ణి. ఎంత పొగరో నాకు!

మొన్న వానాకాలంలో జ్వరంతో ఆసుపత్రిలో చేరిన మనిషి మళ్లీ ఇంటికి రాలేదు. జ్ఞాపకార్థ కూడికకి కార్డులు వేయించాలి. అక్క ఫొటోలున్న హార్డ్‌డిస్కు పట్టుకుని తాడేపల్లిగూడెంలో ప్రెస్సుకి వెళ్లాను. ప్రెస్సాయన ఒక్కొక్కటే తెరిచి, వెలుతురు పెంచి, తగ్గించి, చివరికి కళ్లజోడు తీసేశాడు.

“ఏవండీ, ఏమనుకోకండి. మనిషున్నారండీ, మొహం లేదండీ. ఎంత పెంచినా నలుపు కాస్తా బూడిదరంగు అవుతుందండీ, అంతే.”

సిగ్గుతో చచ్చిపోయాను. దిక్కుతోచక ఫోను తీసి, అక్క పంపిన మెసేజీలు వెనక్కి జరుపుతూ పోయాను. ఈస్టరు నాటిది ఒక ఫొటో దొరికింది. పక్కింటావిడ ఫ్లాషు కొట్టి తీసింది. చర్చి గుమ్మంలో అక్క, అదే చీర, అదే పౌడరు, రెండు కళ్లూ సూటిగా నా వైపే. కింద రాసింది: “చూశావా, నాకూ మొహం ఉంది.”

దానికి నా జవాబు కూడా అక్కడే ఉంది. “ఫ్లాషు వేయొద్దని చెప్పు. మొహం చదునుగా పడింది.” ఆ తరవాత అక్క మరే ఫొటో పంపలేదు.

ఫోను ఆయన చేతికిచ్చాను. ఆయన మొహం విప్పారింది.

“అబ్బ, ఎంత బాగా వచ్చారండీ అమ్మగారు! తీసింది మీరేనాండీ?”

“కాదండీ” అన్నాను.